మందలో పాసయ్యే అంకె

మారో క్రీక్, కొలరాడో
14 మార్చి 2006

అక్కా,

నీ ఉత్తరం వచ్చి రెండు వారాలైంది. జవాబు రాద్దామని కూర్చోవడం, రాయడానికేముందిలే అని లేవడం, ఇదే సరిపోయింది. ఫోను చేద్దామంటే నీకు వినపడదు, నాకు మాట్లాడటం రాదు. కాగితమే మనకి గతి.

ఆవుల ఈతలు మొదలయ్యాయి. నిన్నటికి నలభై మూడు దూడలు పడ్డాయి, రెండు పోయాయి. మంచు ఇంకా కంచె పైతీగ దాకా ఉంది. నా నోరీన్ పోయి నాలుగు నెలలు. ఎదురైన ప్రతివాళ్ళూ ఎలా ఉన్నావని అడుగుతారు, బాగానే ఉన్నానంటాను. అబద్ధమేం కాదు. పన్ను పీకేముందు ఇంజెక్షనిస్తే చెంప మొద్దుబారుతుంది చూడు, కొరుక్కున్నా తెలీదు. ఒళ్ళంతా అలాగే ఉంది. నొప్పి లేదు, ఏమీ లేదు.

అసలు సంగతి చెబుతాను. ఫిబ్రవరి నుంచీ కొట్టం దగ్గర్నుంచి ఇంటికి రావడానికి మధ్యలో రెండుసార్లు ఆగాల్సొస్తోంది. పక్క రాంచ్‌లో పశువులు పెంచే హైరమ్ చూసి, "ఏమయ్యా, ఆగి గడ్డి మేస్తున్నావా?" అని వెటకారం చేశాడు. చేసినవాడే మర్నాడు బండి తెచ్చి, ఎక్కమని టౌన్‌లో క్లినిక్‌కి తీసుకెళ్ళాడు. అక్కడొక అమ్మాయి నా రొమ్ము మీద చల్లటి జిగురు రాసి, సబ్బుబిళ్ళంత పరికరం పెట్టి అరగంట అటూ ఇటూ తిప్పింది. గుండె స్కానింగు. తెర మీద నా గుండె కనిపించింది. చేప నోరు తెరిచి మూస్తున్నట్టుంది. అది నాదేనంటే నమ్మబుద్ధి కాలేదు.

ఊపిరితిత్తుల రక్తనాళంలో ప్రెషర్ అరవై ఒకటి అని రిపోర్టు వచ్చింది.

మన పశువులకి ఈ ప్రెషర్ కొలవడం నువ్వు పెళ్ళయి కాన్సాస్ వెళ్ళాక వచ్చిన పద్ధతి, అందుకని వివరంగా రాస్తున్నాను. మన తొమ్మిది వేల అడుగుల ఎత్తున గాలి పలచన కదా. ఆ గాలికి కొన్ని పశువుల ఊపిరితిత్తుల్లో నాళాలు బిగుసుకుపోతాయి. వాటిలోకి రక్తం తోసీ తోసీ గుండె అలిసిపోతుంది, రొమ్ము కిందికి నీరు దిగుతుంది. నాన్న రొమ్మువాపు అనేవాడే, అదే. ఇప్పుడు దాన్ని ముందే కనిపెడుతున్నాం. ఏటా కొత్త కోడెల్ని ఇనపబోనులో నిలబెట్టి తల పక్కకి కట్టేస్తే, పశువుల డాక్టరు మెడనరంలోంచి సన్న గొట్టం పంపి, గుండె దాటించి, ఆ నాళంలోకి దించుతాడు. మిషను మీద అంకె వస్తుంది. నలభై ఒకటి లోపయితే బెంగలేదు. నలభై తొమ్మిది దాకా ఉంచుకుని ఒక కన్నేసి ఉంచుతాం. ఆ పైనయితే బండెక్కించి కిందికి పంపేస్తాం, మళ్ళీ చూడం. ముప్ఫై ఏళ్ళుగా వాటి తలలు పట్టుకుంటున్నది నేనే. అరవై ఒకటి వచ్చిన కోడె ఇక్కడ ఇంకో చలికాలం దాటడం నేనెరగను.

అందుకని ఈతలయ్యాక మంద అమ్మేద్దామనుకుంటున్నాను. భయమేమీ వెయ్యలేదు. కాగితం మడిచి జేబులో పెట్టుకుని, దుకాణంలో కంచె మేకులు కొనుక్కుని ఇంటికొచ్చాను.

నీ తమ్ముడు
వెర్లిన్


లా క్రాస్, కాన్సాస్
22 మార్చి 2006

ఒరేయ్ వెర్లిన్,

నీ ఉత్తరం చదివి నవ్వాలో ఏడవాలో తెలీలేదు. అరవై ఒకటికేనా మంద అమ్ముకుంటున్నావు? మొన్న బుధవారం నా ప్రెషర్ చూశారు, నూట నలభై ఎనిమిది. మా ఆయన లెస్టర్‌కి నూట తొంభై ఉండేది, అయినా మానవుడు డెబ్బై తొమ్మిదేళ్ళు పందిమాంసం మానకుండా బతికాడు. నీది అరవై ఒకటంటే మరీ పడిపోయిందన్నమాట. కాళ్ళు తేలిపోక ఏమవుతాయి? కాస్త ఉప్పెక్కువ వేసుకుని తిను. నోరీన్ ఉన్నన్నాళ్ళూ వేళకి వండి పెట్టింది. ఇప్పుడు నువ్వేం తింటున్నావో దేవుడికెరుక.

అయినా నువ్వు కోడెవెప్పుడయ్యావురా? చిన్నప్పుడు పుంజు తరిమితే అమ్మ గౌను వెనకాల దూరేవాడివి. పశువుల లెక్క పశువులకి, మనుషుల లెక్క మనుషులకి.

ఒకమాట అడుగుతాను, కోపం తెచ్చుకోకు. నిజంగా ఇది ఒంటి సంగతేనా? పెళ్ళాం పోయిన ఏడాదిలో ఏదీ అమ్మకూడదు, ఏదీ కొనకూడదు, ఎవర్నీ చేసుకోకూడదు అని అమ్మ అనేది. మా చర్చిలో ఒకాయన ఆరునెలలు తిరక్కుండా ఇల్లమ్మి అరిజోనా చెక్కేశాడు. తీరా చూస్తే అక్కడొకావిడ ఉంది. నీకూ అలాంటిదేమైనా ఉంటే చెప్పు, నేనేమీ అనను. అంటాను, కాని అనేసి ఊరుకుంటాను. లేనిపోని అంకె అడ్డం పెట్టుకుని నాన్న చేతుల మీద పెరిగిన మందని మాత్రం తెగనమ్మకు.

ఇక్కడ వారం రోజులుగా దుమ్ముగాలి. కిటికీలు ఎంత తుడిచినా అంతే. నా చెవి మిషను మొన్న ప్రార్థన మధ్యలో ఈల వేసింది. రైలొచ్చిందనుకుని పాస్టరుగారు ఆగిపోయారట. నాకేమో వినపడలేదు, అందరూ నావైపు చూస్తుంటే టోపీ బాగుంది కాబోలనుకున్నాను.

జవాబు వెంటనే రాయి.

అక్క
ఆర్డిత్


మారో క్రీక్
2 ఏప్రిల్ 2006

అక్కా,

ఇది చేతికి పట్టీ కట్టి చూసే ప్రెషర్ కాదు. అది ఒంటికంతా రక్తం తోసే ఎడమవైపుది. ఇది కుడివైపుది, ఊపిరితిత్తుల్లోకి తోసేది. అక్కడ పాతికకి మించకూడదట, ఇంత ఎత్తున ఉండేవాళ్ళకి ఇంకాస్త. నీ నూట నలభై ఎనిమిదీ నా అరవై ఒకటీ ఒకే తక్కెడలో తూచేవి కావు. ఉప్పు అసలు తినొద్దన్నారు.

ఏ ఆడదీ లేదు. ఉన్నా బాగుండేది, కనీసం ఏదో ఒకటి అనిపించేది. మొన్న నోరీన్ సీసాపాలు పట్టి పెంచిన ఎర్రావు ఈనలేక చచ్చిపోయింది. ట్రాక్టరుకి గొలుసు కట్టి ఈడ్చుకెళ్ళి గొయ్యి దగ్గర వదిలి, వచ్చి కాఫీ తాగాను. కాఫీ వేడిగా ఉందని మాత్రం తెలిసింది.

నీ బాధ మంద గురించయితే దిగులు పడకు. నీ వాటా నీకు రాసిస్తాను. నీ కొడుకు వచ్చి చూసుకుంటానన్నా నాకు అభ్యంతరం లేదు.

క్లినిక్ వాళ్ళు నా కాగితాలు గ్రాండ్ జంక్షన్‌లో గుండె డాక్టరుకి పంపారు. డాక్టర్ ఎస్కిబెల్ అని, ఒకావిడ. మెడనరంలోంచి గొట్టం పంపి సరిగ్గా కొలవాలి, రమ్మని రాసింది. ఎందుకట? అంకె వచ్చేసింది కదా. ఒకసారి అంకె తేలిన కోడెని మళ్ళీ బోనెక్కించం. రానని జవాబు రాసేశాను.

నోరీన్‌కి కూడా రెండున్నరేళ్ళ కిందట ఈ స్కానింగే చేశారు. నలభై నాలుగు వచ్చింది. మందలో అయితే పాసే. పాసయిన మనిషే నవంబరులో ఊపిరాడక, ఆసుపత్రి హెలికాప్టరు వచ్చేలోగా పోయింది. నా సంగతి ఇంక చెప్పేదేముంది.

ఈతలు డెబ్బై ఎనిమిది.

వెర్లిన్


లా క్రాస్
11 ఏప్రిల్ 2006

వెర్లిన్,

నీ వాటా తీసుకెళ్ళి ఏట్లో కలుపు! డెబ్బై ఏళ్ళ మనిషిని, తమ్ముడి ప్రాణం గురించి అడిగితే వాటా గుర్తొచ్చిందా నీకు? అరికాలి మంట నెత్తికెక్కింది. అదే వేడిలో ఆదివారం చర్చి భోజనాల దగ్గర నా స్నేహితురాలు ఓపల్ ముందు నీ ఉత్తరం తీసి గట్టిగా చదివాను. నేను గట్టిగా చదివితే ఎంత గట్టిగా ఉంటుందో నీకు తెలుసు. గదిలో సగం మంది విన్నారు.

"మీ తమ్ముణ్ణి చూసింది మనుషుల డాక్టరేనా?" అని అడిగింది ఓపల్, నా చెవిలో నోరుపెట్టి.

దాని కోడలు జానెల్, హేస్ ఊరి ఆసుపత్రిలో ఈ గుండె స్కానింగులే చేస్తుంది. పక్క కుర్చీలో కూర్చుని బంగాళాదుంపలు తింటోంది. తినడం ఆపేసి, చేతులు తుడుచుకునే రుమాలు కాగితాల మీద రాసి నాకు చెప్పింది. ఆ కాగితాలు నాలుగూ దీంతోనే పంపుతున్నాను, మరకలు పట్టించుకోకు.

నాకర్థమైనంత చెబుతాను. మీ పశువుల డాక్టరు గొట్టం లోపలికి దించి కొలుస్తాడు. స్కానింగు అలా కొలవదు, బయటనుంచి చూసి అంచనా కడుతుంది. గుండె కుడివైపు ఒక కవాటం ఉంటుందట. అది మూసుకున్నప్పుడు కాస్త రక్తం సందులోంచి వెనక్కి చిమ్ముతుంది. ఎంత జోరుగా చిమ్ముతోందో మిషను పట్టుకుని, ఆ జోరుని బట్టి ప్రెషర్ ఇంతుండాలని లెక్క తేలుస్తుంది. తోటగొట్టం చివర నీళ్ళు ఎంత దూరం చిమ్ముతున్నాయో చూసి లోపల ఒత్తిడెంతో చెప్పినట్టు. దానికి తోడు పొట్టలో పెద్ద నరం ఎంత ఉబ్బిందో చూసి ఐదో పదో పదిహేనో కలుపుతారట. చిమ్మేది సరిగ్గా కనపడకపోతే అంకె తప్పుతుంది. ఒక్కోసారి పది తప్పుతుంది, ఒక్కోసారి ఇరవై.

ఇంకోటి రాసింది, ఇది రెండు గీతలు పెట్టి రాసింది. "ఆంటీ, స్కానింగులో వచ్చేది గుండె బిగిసినప్పటి పైఅంకె. ఆవులకి మీ తమ్ముడుగారు చూసేది సగటు. పైఅంకె అరవై ఒకటంటే సగటు నలభై లోపే ఉంటుంది. ఆయన రెండూ కలిపేసుకున్నారు. అలాగని ఆవుల లెక్కలో పాసయితే మనిషి పాసయినట్టూ కాదు. ఆ గొట్టం పరీక్షకి తప్పకుండా వెళ్ళమనండి."

విన్నావా? ముప్ఫై ఏళ్ళు కోడెల తలలు పట్టుకున్నావు, తోకేదో తలేదో తెలుసుకోలేకపోయావు. రిపోర్టులో అంకె ఒక్కటే ఉండదట, దాని కింద సన్నక్షరాల్లో అసలు సంగతంతా ఉంటుందట. అది చదివావా? చదివి ఉండవు. నువ్వు మంచు మీద తోలే ఆ మంచుబండి కొన్నప్పుడూ దాని పుస్తకం చదవలేదు, కాలువలో పెట్టావు.

ఆ డాక్టరమ్మకి వస్తున్నానని రాయి. ఇవాళే రాయి.

అక్క


లా క్రాస్
3 మే 2006

వెర్లిన్,

మూడు వారాలైంది. ఉత్తరం లేదు. నీకు కోపమొచ్చిందని తెలుస్తూనే ఉంది. ఇంటి సంగతి పదిమందిలో పెట్టానని కదూ. నువ్వు చిన్నప్పట్నుంచీ అంతే, నీ పేరు ఎవరి నోట వినపడినా ముడుచుకుపోతావు. తప్పే, ఒప్పుకుంటున్నాను. ఓపల్‌కి చెప్పాను, ఇంక నీ గురించి ఎవరూ అడగరు.

మంచుబండి సంగతి కూడా ఎత్తకుండా ఉండాల్సింది.

హైరమ్‌కి నా కొడుకు చేత ఫోను చేయించాను. "ఉన్నాడు, తిరుగుతున్నాడు, మాట్లాడడు," అన్నాడట. ఒక్క ముక్క రాయి. తిట్టినా సరే.

అక్క


మారో క్రీక్
12 మే 2006

అక్కా,

కోపం కాదు. ఓపల్ నా గురించి ఏమనుకున్నా నాకు పట్టదు.

సన్నక్షరాలు చదివావా అని అడిగావు. నా రిపోర్టు తీసి చదివాను. 'అంచనా' అనే మాట మూడుచోట్ల ఉంది. అప్పుడు నోరీన్ రిపోర్టు గుర్తొచ్చింది. వంటింటి సొరుగులో విత్తనాల కేటలాగుల కింద ఉంది. రెండు కాగితాలు, పిన్ను కొట్టి. మొదటిదాని మీద నలభై నాలుగు. రెండోది నేనెప్పుడూ తిప్పలేదు.

రెండోదాని మీద ఇలా ఉంది. మక్కీకి మక్కీ రాస్తున్నాను. 'రక్తం చిమ్మే గుర్తు మసకగా ఉంది. అసలు ప్రెషర్ ఇంతకన్నా బాగా ఎక్కువ ఉండే అవకాశం ఉంది. గుండె కుడి గది పెద్దదయింది. గొట్టం పరీక్ష చేయించవలెను.'

ఆ రోజు నాకు బాగా గుర్తుంది. 2003 అక్టోబరు. క్లినిక్ బయట బండిలో కూర్చున్నాం. కాగితం నా చేతికిచ్చి, "నలభై నాలుగట, చూడు," అంది.

"నలభై నాలుగా? నలభై నాలుగున్న ఆవుని నేను కళ్ళు మూసుకుని ఉంచుకుంటాను," అన్నాను.

"అయితే నన్ను బండెక్కించవన్నమాట," అని నవ్వింది.

"పాసయ్యావు పో."

"వెనక ఇంకో కాగితం ఉంది, చదవవా?"

"డాక్టర్ల రెండో కాగితం ఎప్పుడూ మూడో కాగితం కోసమే," అన్నాను.

ఇద్దరం వెళ్ళి తలో యాపిల్ పై ముక్క తిన్నాం. తన దాంట్లో సగం నాకు పెట్టింది. ఇంటికొచ్చి కాగితాలు సొరుగులో వేసింది. క్లినిక్ నుంచి ఒకసారి ఫోనొచ్చింది. "మా ఆయన చూశాడు, పరవాలేదన్నాడు," అని చెప్పి నోరీన్ పెట్టేసింది. నేను పక్కనే ఉన్నాను.

ఆ చలికాలం బూట్లు బిగుతయ్యాయని ఒక సైజు పెద్దవి కొంది. మరుసటేటి చలికాలం ఇంకో సైజు. మేడమెట్ల మధ్యలో ఆగి, గోడ మీద ఫొటోలు సర్దుతున్నట్టు నిలబడేది. మందలో ఒక దూడ చెవులు వాల్చి వెనకబడితే నేను అరమైలు దూరంనుంచి కనిపెడతాను. మెడనరం ఉబ్బితే బండిలోంచే కనిపెడతాను. ఈ లోయలో నలుగురు రాంచ్‌వాళ్ళు తమ పశువుల్ని చూడమని నన్ను పిలుస్తారు. నా పెళ్ళాం పాదాలు నా కళ్ళముందే రెండేళ్ళు వాచాయి. వయసైపోతోందనుకున్నాను.

ఇది చదివి ఏడ్చానని అనుకోకు. ఏడుపు రాలేదు. సొరుగు మూసి, వెళ్ళి కంచె బాగుచేశాను. మూడు వారాలుగా అదే చేస్తున్నాను. మంద కొనేవాడు వచ్చి చూసుకెళ్ళాడు.

డాక్టర్ దగ్గరికి వెళ్ళను. నాది అరవై ఒకటే నిజమవ్వాలి అక్కా. అంచనా కాకూడదు. నేనెందుకంటున్నానో నీకర్థమవుతుంది. ఇంక నన్ను బలవంతపెట్టకు.

వెర్లిన్


లా క్రాస్
24 మే 2006

వెర్లిన్,

నీ ఉత్తరం పట్టుకుని రెండు రోజులు మంచం దిగలేదు. దిగాక నీకు ఒక ఉత్తరం రాసి చింపేశాను. అందులో నేనన్న మాటలు నువ్వు చదవకపోవడమే మంచిది. నోరీన్ నీ పెళ్ళాం కాకముందు నా పక్క బెంచీలో కూర్చున్న పిల్ల. దాన్ని మనింటికి తెచ్చింది నేను. ఆ రెండో కాగితం తిప్పడానికి ఎంతసేపు పడుతుందిరా? చింపేశాను గాని ఈ ఒక్క మాట మళ్ళీ రాయకుండా ఉండలేకపోయాను.

ఇప్పుడు నా సంగతి విను. నోరీన్ పంపిన ఉత్తరాలన్నీ చెప్పుల డబ్బాలో ఉంచాను. 2003 అక్టోబరుది వెతికి తీశాను. పంపనా వద్దా అని నాలుగు రోజులు కొట్టుకున్నాను. ముక్క ఎత్తి రాస్తున్నాను. 'వెర్లిన్ పాసయ్యావన్నాడు. ముప్ఫై ఏళ్ళుగా ఆయన అంకెలు చదవడం చూస్తున్నాను, ఒక్కసారీ తప్పలేదు. నాకెంత నిశ్చింతగా ఉందో చెప్పలేను వదినా. వారం రోజులుగా పాటలు పాడుకుంటున్నానని నవ్వుతున్నాడు.'

దానికి నేనేం జవాబు రాశానో తెలుసా? నాకు గుర్తుంది. 'నలభై నాలుగేనా? నాది నూట నలభై దాటింది, నువ్వే నయం' అని రాశాను. జానెల్ అప్పటికే హేస్‌లో ఆ ఉద్యోగంలో ఉంది వెర్లిన్. రెండేళ్ళు ప్రతి ఆదివారం నా పక్క కుర్చీలో కూర్చుని భోంచేసింది. ఒక్కసారి అడిగితే రుమాలు కాగితం మీద రాసిచ్చేది. నేనడగలేదు. నీకు ఆవుల లెక్క అడ్డమొచ్చింది, నాకు నా సొంత బీపీ అడ్డమొచ్చింది. చేతులు కాలాక ఇద్దరం ఆకులు పట్టుకున్నాం.

నిన్న జానెల్‌ని అడిగాను, ఆ పరీక్ష చేయించుకుని ఉంటే మా నోరీన్ బతికేదా అని. 'తెలీదు ఆంటీ. మందులుండేవి. ఆక్సిజన్ పెట్టేవాళ్ళు. కొండ దిగి ఉండమనేవాళ్ళు. తెలీదు' అని రాసింది. నీకు అబద్ధం చెప్పలేను, అదే చెబుతున్నాను.

నువ్వు శిక్ష కోసం కూర్చున్నావు. ఆ అరవై ఒకటిని దాచుకుని, దానికోసమే చూస్తున్నావు. అది శిక్ష కాదురా, అంకె. అదీ సరిగ్గా చూడని అంకె. ఒకసారి చూడకుండా వదిలేసి మనిషిని పోగొట్టుకున్నాం. మళ్ళీ అదే తప్పు చేస్తానని నాకు ఉత్తరం రాస్తావా?

నా కోసం వెళ్ళు. అమ్మ లేదు, నాన్న లేడు, లెస్టర్ లేడు, నోరీన్ లేదు. నా చిన్నతనం తెలిసినవాడు ఈ భూమ్మీద నువ్వొక్కడివే మిగిలావు. నీ మీద నాకు కోపం పోలేదు. ఎప్పటికి పోతుందో తెలీదు. కోప్పడటానికైనా నువ్వుండాలి కదా.

అక్క


మారో క్రీక్
10 జూన్ 2006

అక్కా,

వెళ్ళాను. మంగళవారం హైరమ్ తీసుకెళ్ళాడు. దారంతా గడ్డిమిడతల గురించి మాట్లాడాడు, పాపం. ఆసుపత్రి గుమ్మం దగ్గర మాత్రం, "తన్నకు, కొమ్ములు విసరకు, వాళ్ళు చెప్పినట్టు నిలబడు," అన్నాడు.

బల్ల మీద పడుకోబెట్టి, మెడకి మందు పూసి, మొహం మీద గుడ్డ కప్పారు. ఒక నర్సు నా గడ్డం పట్టుకుని పక్కకి తిప్పి, "అంతే, అంతే, కదలకండి," అంది. నేను వాటితో అనే మాటలే. గొట్టం గుండె దాటేటప్పుడు గుండె రెండుసార్లు తడబడింది. వాటికీ అలాగే అవుతుందని తెలుసు, నాలుగు కాళ్ళూ ఒక్కసారి బిగబడతాయి. డాక్టర్ ఎస్కిబెల్ అంకెలు పైకి చదువుతుంటే ఎవరో రాసుకుంటున్నారు.

అయ్యాక గుడ్డ తీసి, నా పక్కన స్టూలు లాక్కుని కూర్చుంది. పొట్టి మనిషి, నోరారా మాట్లాడుతుంది.

"వెర్లిన్ గారూ, స్కానింగు మిమ్మల్ని భయపెట్టింది. పైఅంకె నలభయ్యే. సగటు ఇరవయ్యారు. తొమ్మిది వేల అడుగుల మీద పుట్టి పెరిగినవాళ్ళకి అది మరీ ఎక్కువేం కాదు. రాత్రిళ్ళు ఆక్సిజన్ పెట్టుకోండి, ఏడాదికోసారి కనపడండి."

"మరి ఊపిరెందుకు ఆడటంలేదు?"

"మీ ఒంట్లో రక్తం సగానికి పడిపోయింది. అది తక్కువైతే గుండె ఉరుకుతుంది, స్కానింగులో అంకె కూడా పెరిగి కనిపిస్తుంది. నవంబరు నుంచి పదిహేను కిలోలు తగ్గారు. ఏం తింటున్నారు?"

"డబ్బా చిక్కుళ్ళు."

"ఇంకా?"

"కాఫీ."

ఆవిడ మందుల చీటీ అందుకుంది. తర్వాత, "తిండి తినండి. మాత్రలు రాస్తాను. మీరు ఇంకో ఇరవై ఏళ్ళు ఆవుల్ని తోలుకోవచ్చు," అంది.

నేను ఒకటడిగాను. "నాకు ఇటు ఇరవై తప్పింది కదా. ఇంకొకళ్ళకి అటు ఇరవై తప్పుతుందా? తక్కువ చూపించి, లోపల ఎక్కువ ఉండటం?"

ఆవిడకి నోరీన్ సంగతి తెలీదు. "ఓ, తప్పుతుంది. అందుకేగా ఈ పరీక్ష చేసేది," అంది చేతులు కడుక్కుంటూ. సరేనన్నాను.

మంద కొనేవాడికి ఆగమని చెప్పాను. ఏం చెయ్యాలో ఇంకా తేల్చుకోలేదు. ఆక్సిజన్ మిషను తెచ్చి మంచం పక్కన పెట్టారు, చప్పుడు చేస్తోంది. హైరమ్ పెళ్ళాం రోజూ ఏదో ఒకటి వండి పంపుతోంది, తింటున్నాను.

నీ ఉత్తరంలో నోరీన్ రాసిన ముక్క రోజూ చదువుతున్నాను. వారం రోజులు పాటలు పాడటం నాకు గుర్తుంది. ఎందుకు పాడుతున్నావని అడిగాను కూడా. ఊరికే అంది. ఆ ముక్క చదివినా, నా ఒక్క మాటకి మనిషికి అంత సంతోషం ఎలా వస్తుందో నాకు అంతుపట్టేది కాదు.

ఇప్పుడు తెలిసింది. ఆ డాక్టరు ఇరవై ఏళ్ళు అనగానే నాకు సంతోషమేసింది అక్కా. నవంబరు తర్వాత నాకు ఏదన్నా అనిపించడం అదే మొదటిసారి. ఒళ్ళంతా వేడెక్కింది, ఆ బల్ల మీదే నవ్వొచ్చింది, నర్సు కూడా నవ్వింది. బతుకుతానని తెలిసి నేను సంతోషపడ్డాను. నోరీన్‌ని అక్కడ మట్టిలో పెట్టి, నేను సంతోషపడ్డాను. బండిలో కూర్చున్నాక ఏడుపు మొదలైంది, ఇంటిదాకా ఆగలేదు. హైరమ్ బండి మెల్లగా నడిపాడు.

నీ తమ్ముడు
వెర్లిన్